నెలపొడుపు, పంచాంగం, సర్కారు సెలవు

(సంఘం వార్షిక సమావేశం సందర్భంగా ధవళేశ్వరంలో చేసిన ప్రసంగ పాఠం)

  మన ఆహ్వానాన్ని మన్నించి హిందూ, క్రైస్తవ మిత్రులు రావడం ఇవాళ్టి విషయానికి చాలా అవసరం. ఎందుకంటే నేను చెప్పబోయేది మనందరి పండుగల గురించి.

కార్యదర్శిగారు నాకు అప్పగించిన విషయం: ఏటేటా తేదీ మారే పండుగలకు సెలవు తేదీ ఎలా లెక్క కడతారు అన్నది. వినడానికి చిన్న విషయంలా ఉంది. కానీ ప్రతి ఏడూ రంజాన్ 29వ రోజు సాయంత్రం మన ఇళ్లలో జరిగే హడావుడి తలచుకోండి. ఇంటి ఇల్లాలు ఏం చెయ్యాలి? తెల్లవారుఝామున సహ్రీకి వండాలా, లేక షీర్ ఖుర్మాకి పాలు తెప్పించాలా? దర్జీ దగ్గర బట్టలు ఇవాళే తేవాలా? కారులో వాడకి పిలిస్తే రేపు పనికి వస్తానని చెప్పాలా, రానని చెప్పాలా? పక్కింటాయన గుమ్మంలోంచి కేకేస్తాడు: "ఏం సాయిబు గారూ, పండగ రేపా, ఎల్లుండా? మీ పండగ ఎప్పుడో మీకే తెలీదేంటండీ?" అని. ఆయన అభిమానంతోనే అడుగుతాడు. మనమే జవాబు చెప్పలేక నవ్వి ఊరుకుంటాము. ఆ జవాబు ఏమిటో ఇవాళ తెలుసుకుందాం.

రెండు గడియారాలు

ఆకాశంలో మనకు రెండు గడియారాలున్నాయి. ఒకటి సూర్యుడు, రెండోది చంద్రుడు. సూర్యుడి లెక్కన ఏడాదికి 365 రోజులు, మీద దాదాపు ఆరు గంటలు. చంద్రుడి లెక్కన ఒక నెల అంటే అమావాస్య నుంచి అమావాస్యకు సగటున 29 రోజుల పన్నెండు గంటల నలభై నాలుగు నిమిషాలు. అటువంటి నెలలు పన్నెండు కలిపితే 354 రోజులు, మీద సుమారు తొమ్మిది గంటలు. అంటే రెండు గడియారాలకు ఏడాదికి దాదాపు 11 రోజుల తేడా. తేదీ మారే పండుగల గొడవ యావత్తూ ఈ 11 రోజుల్లోనే ఉన్నది. ఈ 11 రోజులను ఏం చెయ్యాలి అనే ప్రశ్నకు ఒక్కొక్క సమాజం ఒక్కొక్క జవాబు చెప్పింది.

సంక్రాంతికి ఈ బాధ లేదు. అది సూర్యుడి పండుగ. సూర్యుడు మకర రాశిలో ప్రవేశించడాన్ని బట్టి వస్తుంది కనుక జనవరి 14, లేకపోతే 15. డెబ్భై ఏళ్లకు సుమారు ఒక రోజు చొప్పున ముందుకు జరుగుతుంది, అంతే. మనవడి కాలానికి గానీ ఆ తేడా తెలియదు.

ఉగాది, వినాయక చవితి, దసరా, దీపావళి మాత్రం చంద్రుడి తిథులను బట్టి వస్తాయి. కానీ అవి వాటి రుతువును వదలకూడదు. ఉగాది వేపపూత కాలంలోనే రావాలి, దసరా వానలు వెనకబట్టాకే రావాలి. అందుకని ఏడాదికి 11 రోజుల చొప్పున బాకీ పేరుకుపోయి నెల కాగానే, సుమారు 32, 33 నెలలకు ఒకసారి, ఒక అధిక మాసం కలుపుతారు. ఏ చాంద్రమాసంలో సూర్యుడు ఒక రాశి నుంచి మరో రాశికి మారడో ఆ మాసం అధిక మాసం. 2023లో జులై 18 నుంచి ఆగస్టు 16 వరకు అధిక శ్రావణం వచ్చింది. ఆ ఏడాది శ్రావణాలు రెండు.

మన హిజ్రీ లెక్కలో అధిక మాసం లేదు. ఇస్లాంకు పూర్వం అరబ్బులు నెలలను వెనక్కీ ముందుకీ జరుపుకునే 'నసీ' అనే ఆచారం పాటించేవారు. ఎవరికి అనుకూలమైనట్టు వారు పవిత్ర మాసాలను మార్చుకోవడం అందులోని చెడుగు. ఖుర్ఆన్ దాన్ని నిషేధించి, మాసాలు పన్నెండే అని నిర్ణయించింది. ప్రవక్త మహమ్మదు (స) మక్కా నుంచి మదీనాకు వలస వెళ్లిన క్రీ.శ. 622వ సంవత్సరాన్ని మొదటి ఏడాదిగా లెక్కించే పద్ధతిని రెండవ ఖలీఫా హజ్రత్ ఉమర్ తమ కాలంలో ప్రవేశపెట్టారు. అప్పట్నుంచీ హిజ్రీ సంవత్సరం రుతువులతో ముడి లేకుండా నడుస్తోంది. రంజాన్ ఏటా 11 రోజులు ముందుకొస్తుంది. 33 ఇంగ్లీషు సంవత్సరాలకు 34 హిజ్రీ సంవత్సరాలు సుమారుగా సరిపోయి, తిరిగి అదే రుతువుకు వస్తుంది. 2018లో మే నడుమ మొదలైన రంజాన్‌లో మన గోదావరి ఎండలకు నోరెండిపోయి రోజాలున్నాం. పదహారు, పదిహేడేళ్లు గడిస్తే అదే రంజాన్ నవంబరు, డిసెంబరు చలికి వస్తుంది. ఒక మనిషి నిండు జీవితంలో ఎండలోనూ, వానలోనూ, చలిలోనూ రోజా ఉండి చూస్తాడు. ఉత్తర దేశం వాడికీ దక్షిణ దేశం వాడికీ పొడుగు పగళ్లు, పొట్టి పగళ్లు వంతులవారీగా వస్తాయి. ఇందులో ఒక న్యాయం ఉన్నది.

కానీ శిస్తు వసూలుకు ఈ లెక్క పనికిరాదు. పంట రుతువును బట్టి పండుతుంది గాని చంద్రుణ్ణి బట్టి పండదు గదా. అందుకే మొగలాయిల కాలంలో హిజ్రీ అంకెను సూర్య సంవత్సరానికి తగిలించి 'ఫసలీ' అని పేరు పెట్టారు. ఫసల్ అంటే పంట. మన కరణాల లెక్కల్లో, జమాబందీలో రాసే ఫసలీ అదే. 2024 జులై 1న ఫసలీ 1434 మొదలైంది. అదే జులైలో హిజ్రీ 1446 మొదలైంది. ఒకే వేరు నుంచి వచ్చిన రెండు అంకెలకు పన్నెండేళ్ల తేడా ఎలా వచ్చిందంటారా? ఈ 11 రోజులే ఏళ్ల తరబడి పోగుపడి పన్నెండేళ్లయినాయి.

క్రైస్తవ మిత్రుల ఈస్టరు మూడో రకం. మార్చి 21 నాడు గానీ, ఆ తరువాత గానీ వచ్చే పున్నమిని చర్చి వారి పట్టీ ప్రకారం గుర్తించి, దాని తరువాత వచ్చే ఆదివారాన్ని ఈస్టరు అంటారు. దానికి రెండు రోజుల ముందుది గుడ్ ఫ్రైడే. కనుక ఈస్టరు మార్చి 22కి ముందు రాదు, ఏప్రిల్ 25 దాటి పోదు. 2024లో గుడ్ ఫ్రైడే మార్చి 29, 2025లో ఏప్రిల్ 18. చూశారా, సూర్యుడూ, చంద్రుడూ, వారమూ మూడూ కలిసిన లెక్క అది. తేదీ మారని క్రిస్మస్, తేదీ మారే ఈస్టరు ఒకే మతంలో ఉన్నాయి.

ఒకే చంద్రుడు, రెండు పండుగలు

ఇప్పుడొక ఆసక్తికరమైన సంగతి మనవి చేస్తాను. ఉగాది చంద్రుడూ, రంజాన్ చంద్రుడూ వేరువేరు కాదు. గడచిన కొన్నేళ్ల తేదీలు చూడండి.

2023: మార్చి 21 రాత్రి 10 గంటల 53 నిమిషాలకు అమావాస్య ముగిసింది. మర్నాడు సూర్యోదయానికి పాడ్యమి ఉంది కనుక 22న ఉగాది. ఆ సాయంత్రానికి చంద్రుడి వయస్సు పందొమ్మిది గంటల పైచిలుకు మాత్రమే. ఇక్కడ కనబడలేదు. 23న కనబడ్డాడు. 24న మొదటి రోజా.

2024: ఏప్రిల్ 8 రాత్రి 11 గంటల 51 నిమిషాలకు అమావాస్య ముగిసింది. 9న ఉగాది. ఆ సాయంత్రం చంద్రుడి వయస్సు పద్దెనిమిదిన్నర గంటలు. మన వైపు కనబడలేదు. ముప్ఫై రోజాలు పూర్తయి 11న ఈద్.

2025: మార్చి 29 సాయంత్రం 4 గంటల 28 నిమిషాలకు అమావాస్య ముగిసింది. 30న ఉగాది. ఆ సాయంత్రానికి చంద్రుడి వయస్సు దాదాపు ఇరవై ఆరు గంటలు. కనబడ్డాడు. ఇరవై తొమ్మిది రోజాలతో 31న ఈద్. ఉగాది పచ్చడి నాలిక మీద ఉండగానే షీర్ ఖుర్మా వచ్చింది.

దీనిలో సూత్రం ఏమిటి? పంచాంగానికి కావలసింది సూర్యోదయ వేళకు ఉన్న తిథి. హిజ్రీ నెలకు కావలసింది సూర్యాస్తమయం తరువాత కంటికి కనబడే నెలవంక. అందుకే మన తేదీ పంచాంగం తిథి కంటే ఒకటి రెండు రోజులు వెనకగా నడుస్తుంది. ఇది తెలిస్తే మరి కొన్ని సంగతులు వాటంతటవే బోధపడతాయి. దసరా ఆశ్వయుజ శుద్ధ దశమి. మొహర్రం పదవ తేదీ కూడా పదే. రెండూ ఒకే చాంద్రమాసంలో పడ్డ ఏళ్లలో ముందు దసరా, దాని వెనకే మొహర్రం వస్తాయి. 2016లో దసరా అక్టోబరు 11, మొహర్రం 12. 2017లో దసరా సెప్టెంబరు 30, మొహర్రం అక్టోబరు 1. అలాగే మిలాద్ రబీ ఉల్ అవ్వల్ 12వ తేదీ. దానికి ఒకటి రెండు కలిపితే చతుర్దశి. 2023 సెప్టెంబరు 28న మిలాద్, అనంత చతుర్దశి ఒకేనాడు వచ్చాయి. హైదరాబాదులో అదే రోజు గణేశ నిమజ్జనం కనుక, మిలాద్ ఊరేగింపును పెద్దలు అక్టోబరు 1కి వాయిదా వేసుకున్నారు. ఇటువంటి కలయిక ఏనాడు వస్తుందో ఏళ్ల ముందే లెక్క కట్టవచ్చు. ముందే తెలిస్తే ఊరి పెద్దలు ముందే కూర్చుని మాట్లాడుకోవచ్చు. ఆఖరి క్షణంలో పోలీసు స్టేషనులో కూర్చోనక్కరలేదు.

మరి 2023లో ఉగాది చంద్రుడితో రంజాన్ మొదలైతే, 2024లో అదే ఉగాది చంద్రుడితో రంజాన్ ముగిసిందేం? నడుమ అధిక శ్రావణం వచ్చింది గదా! ఉగాది నుంచి ఉగాదికి ఆ ఏడు 13 నెలలైంది, 384 రోజులు. మన లెక్కలో 12 నెలలే. ఆ ఒక్క నెలా తేడా పడింది. 2024 నుంచి 2025కి అధిక మాసం లేదు. కనుక ఉగాదీ, ఈదూ చెట్టాపట్టాలేసుకుని పదేసి రోజులు ముందుకొచ్చాయి. వెయ్యేళ్ల కిందట మన దేశం వచ్చి సంస్కృతం నేర్చుకున్న అల్ బిరూనీ ఈ అధిక మాసం లెక్కను శ్రద్ధగా తెలుసుకుని, సుమారు క్రీ.శ. 1030లో భారతదేశం గురించి రాసిన తన గ్రంథంలో వివరించాడు. ఒకరి లెక్క ఒకరు నేర్చుకోవడం మన పెద్దల నుంచి వచ్చిన అలవాటే.

పంచాంగంలోనూ రెండు మాటలున్నాయి

"మాకైతే పంచాంగంలో ముందే రాసి ఉంటుంది, మీకే అనుమానం" అని కొందరు మిత్రులు అంటూంటారు. నిజమే, కొంతవరకు. తిథి అంటే చంద్రుడు సూర్యుడి నుంచి 12 డిగ్రీలు జరగడానికి పట్టే కాలం. చంద్రుడి నడక ఒక్క తీరున ఉండదు కనుక తిథి ఒకప్పుడు 20 గంటలకే ముగుస్తుంది, ఒకప్పుడు 26 గంటలు సాగుతుంది. ఒకే తిథి రెండు రోజుల్లోకి పాకుతుంది. 2024 దీపావళి గుర్తుందా? అమావాస్య అక్టోబరు 31 మధ్యాహ్నం మూడు దాటాక వచ్చి, నవంబరు 1 సాయంత్రం ఆరు దాటేదాకా ఉంది. దీపావళికి సాయంకాలపు అమావాస్య కావాలి. ఏ సాయంత్రం? 31 అని కొందరు, 1 అని కొందరు. దేశమంతటా చర్చ జరిగింది. పైగా పూర్వ పద్ధతి పంచాంగాలు, దృక్సిద్ధ పంచాంగాలు అని రెండు రకాలున్నాయి.

ఈ తికమక తగ్గించడానికే మన ప్రభుత్వం 1952లో ప్రసిద్ధ శాస్త్రవేత్త మేఘనాద్ సాహా అధ్యక్షతన పంచాంగ సంస్కరణ సంఘాన్ని వేసింది. 1955లో వారు నివేదిక ఇచ్చారు. దాని ఫలితంగానే 1957 మార్చి 22 నుంచి జాతీయ శక సంవత్సరం అమలులోకి వచ్చింది. కలకత్తాలోని ఖగోళ కేంద్రం వారు ప్రతి ఏడూ రాష్ట్రీయ పంచాంగాన్ని తెలుగుతో సహా అనేక భాషలలో ప్రచురిస్తూ వచ్చారు. అందులో హిందువుల పండుగలే కాదు, ముస్లిం, క్రైస్తవ పండుగల తేదీలూ ఉంటాయి. వారి లెక్కకు మధ్య రేఖ 82న్నర డిగ్రీల తూర్పు రేఖాంశం. మన దేశపు గడియారం యావత్తూ ఆ రేఖ మీదే నడుస్తుంది. ఆ రేఖ ఎక్కడో లేదు, మన కాకినాడకు కాస్త తూర్పుగా పోతుంది. ధవళేశ్వరానికీ దానికీ మూడు నిమిషాల తేడా మాత్రమే.

సెలవు ఎవరిస్తారు?

ఇక సర్కారు సెలవు సంగతి. ఏడాది మొదలుకాక ముందే రాష్ట్ర ప్రభుత్వం సెలవుల జాబితాతో ఉత్తర్వు వెలువరిస్తుంది. అందులో రంజాన్, బక్రీద్, మొహర్రం, మిలాద్ తేదీలు ఖగోళ లెక్కను బట్టి అంచనాగా వేసినవి. నెలవంకను బట్టి ఆ తేదీ మారితే, పత్రికల ద్వారా, రేడియో, టీవీల ద్వారా ప్రకటిస్తామని, దాని ప్రకారం కార్యాలయాల వారు నడుచుకోవాలని అందులోనే ఉంటుంది. కేంద్ర ప్రభుత్వ కార్యాలయాలకు ఢిల్లీలో ఒక ఏర్పాటు, రాష్ట్రాలలో ఒక ఏర్పాటు. రాష్ట్ర రాజధానిలోని ఉద్యోగుల సంక్షేమ సమన్వయ సంఘం వారు రాష్ట్ర ప్రభుత్వం నిర్ణయాన్ని అనుసరించి తేదీ మార్చుకోవచ్చు. షబ్-ఎ-బరాత్, షబ్-ఎ-ఖదర్, జుమ్మతుల్ విదా వంటివి ఐచ్ఛిక సెలవుల కింద ఉంటాయి. ఉద్యోగి ముందుగా అర్జీ పెట్టుకుని వాడుకోవాలి.

బ్యాంకుల దారి వేరు. 1881 నాటి నెగోషియబుల్ ఇన్‌స్ట్రుమెంట్స్ చట్టం 25వ సెక్షను కింద ప్రకటించిన సెలవులే వాటికి సెలవులు. ప్రామిసరీ నోటు గడువు అటువంటి సెలవు రోజున పడితే, దాని ముందరి పని దినానికే బాకీ చెల్లవలసినట్టు లెక్క. కనుక సెలవు ఒక రోజు జరిగితే వ్యాపారస్తుడికి బాకీ గడువు కూడా జరుగుతుంది. కార్యాలయాలకు సెలవన్నారు గదా అని బ్యాంకుకూ సెలవే అనుకోకండి. విడిగా ప్రకటన చూసుకోవాలి.

ఇక్కడ గ్రహించవలసింది ఏమంటే, సర్కారు వారు పండుగ నిర్ణయించరు. సెలవు మాత్రమే నిర్ణయిస్తారు. పండుగ నిర్ణయించేది నెలవంక. నెలవంక సాక్ష్యాన్ని విచారించి చెప్పేవారు రుయ్యతె హిలాల్ కమిటీ వారు, ఖాజీలు, ఇమాములు. క్యాలెండరులో ఎర్ర అంకె వేశారు గనుక అదే పండుగ అనుకోవడం పొరపాటు. ఎర్ర అంకె మారనందుకు సర్కారు మీద కోపగించుకోవడమూ పొరపాటే.

లెక్కా, చూపా?

ఇప్పుడు అసలు ప్రశ్న. చంద్రగ్రహణం సెకన్లతో సహా చెప్పగలిగిన ఈ రోజుల్లో నెలవంకను చూడడం దేనికి, లెక్క కట్టుకుంటే చాలదా అని చదువుకున్న కుర్రవాళ్లు అడుగుతున్నారు. న్యాయమైన ప్రశ్న. కోప్పడి కూర్చోబెట్టవద్దు.

లెక్క మనకు కొత్త కాదు. 30 సంవత్సరాలలో 11 సంవత్సరాలకు ఒక్కొక్క రోజు కలిపి తయారుచేసిన పట్టీ మధ్యయుగాల ముస్లిం ఖగోళజ్ఞుల నాటిది. 30 ఏళ్లకు ఆ పట్టీకీ, చంద్రుడికీ వచ్చే తేడా పదిహేడు నిమిషాలు మాత్రమే. దావూదీ బోహ్రాలు దాన్నే అనుసరిస్తారు. తుర్కియే ప్రభుత్వం ఖగోళ లెక్కతో ముందే తేదీలు ప్రకటిస్తుంది. అమెరికాలో మన తెలుగు ముస్లిం పిల్లలు ఎందరో స్థిరపడ్డారు. అక్కడి ఉత్తర అమెరికా ఫిఖ్ కౌన్సిల్ 2006లో లెక్క పద్ధతిని స్వీకరించింది. ఇండోనేషియా, మలేషియా, బ్రూనై, సింగపూరు కలిసి, సూర్యాస్తమయానికి చంద్రుడు కనీసం 3 డిగ్రీల ఎత్తునా, సూర్యుడికి 6.4 డిగ్రీల ఎడంగానూ ఉండాలని ఒక కొలత పెట్టుకున్నాయి.

కానీ లెక్క దేన్ని చెప్పగలదు? చంద్రుడు ఎక్కడున్నాడో కచ్చితంగా చెప్పగలదు. మన కంటికి కనబడతాడా లేదా అన్నది మబ్బు, దుమ్ము, తేమ, చూపు వీటి మీద ఉంటుంది. ప్రవక్త (స) బోధ చూపు మీద నిలిచింది. నెలవంకను చూసి రోజాలు మొదలుపెట్టాలి, చూసి విరమించాలి, మబ్బు కమ్మితే ముప్ఫై పూర్తి చేసుకోవాలి. ఎంత సులువైన నియమం చూడండి! చదువు రాని పడవవాడు కూడా పాటించగలడు.

మన ఊరి మాటలో చెబుతాను. గోదావరికి వరద వస్తే ఏం చేస్తారు? భద్రాచలంలో ఎన్ని అడుగులుందో చూసి, ఇక్కడికి ఎప్పటికి ఎంత వస్తుందో ఇంజనీర్లు ముందే లెక్క కడతారు. ఆ లెక్క విని లంకల వారు సామాను సర్దుకుంటారు. కానీ మొదటి ప్రమాద హెచ్చరిక ఇచ్చేది మాత్రం ధవళేశ్వరం బ్యారేజి దగ్గర నీటిమట్టం 11.75 అడుగులకు చేరాకనే. రెండవది 13.75, మూడవది 17.75. లెక్క మనల్ని సిద్ధం చేస్తుంది. చూపు నిర్ణయం చేస్తుంది. రెండూ ఒకదానికొకటి శత్రువులు కావు. నెలవంక విషయంలోనూ నా అభిప్రాయం అదే. అమావాస్య ముగియకుండానే, లేదా చంద్రుడు సూర్యుడి కంటే ముందే అస్తమించిన సాయంత్రమే "చూశాం" అని ఎవరైనా ఫోను చేస్తే, ఆ సాక్ష్యం నిలవదని లెక్క చెబుతుంది. అంతవరకు లెక్కను కాపలాగా వాడుకోవాలి. తీర్పు మాత్రం కంటికి వదలాలి.

ఇంకొక సందేహం: సౌదీలో నిన్ననే పండుగైతే మనకు ఇవాళేం? మక్కా మనకు 42 డిగ్రీలు పడమర. అక్కడ సూర్యుడు మనకంటే సుమారు రెండు గంటల ముప్పావు ఆలస్యంగా అస్తమిస్తాడు. ఈలోగా చంద్రుడు సూర్యుడి నుంచి ఇంకా కొంచెం ఎడమవుతాడు. మనకు కనబడని వంక అక్కడ కనబడవచ్చు. పైగా వారికి వారి క్యాలెండరు ఉంది, వారి న్యాయస్థానం ఉంది. మన దేశంలోనే 2024లో కేరళలో ఏప్రిల్ 10న ఈద్, మనకు 11న. ఒక ప్రాంతం వారిది తప్పు, ఒకరిది ఒప్పు కాదు. నమాజు వేళలు ఊరికొకటిగా ఉండడం లేదా? ఇదీ అంతే.

అసలు విచారకరమైనది వేరే ఉన్నది. దేశానికి రెండు ఈదులుంటే నష్టం లేదు. ఒకే ఊళ్లో, ఒకే వీధిలో, ఒకే ఇంట్లో అన్నకొక ఈదు, తమ్ముడికొక ఈదు అయితే అది చంద్రుడి తప్పు కాదు. రాత్రి పదింటికి ఎక్కడిదో ఒక కబురు ఫోనులో వస్తుంది. ఒకరు నమ్ముతారు, ఒకరు నమ్మరు. ఒకరు రోజా, ఒకరు పండుగ. పిల్లలు తెల్లబోయి చూస్తారు. పక్కింటి వాళ్లకు ఏ రోజు ముబారక్ చెప్పాలో తెలియదు.

దీనిలో పేదవారి నష్టం ఇంకా పెద్దది. ఫిత్రా నమాజుకు ముందే ఇవ్వాలి. రాత్రి తొమ్మిదికి పండుగ తేలిందనుకోండి. అప్పుడు పంచిన డబ్బు తీసుకుని ఒక వితంతువు ఏ దుకాణానికి పోతుంది? దుకాణాలు కట్టేసి ఉంటాయి. చేతిలో డబ్బు ఉండి కూడా ఆమె పిల్లలు పండుగ పూట పాత బట్టలతో ఈద్గాకు వస్తారు. తేదీ తేలక ముందే ఇచ్చి ఉంటే ఈ బాధ లేదు. రెండు మూడు రోజుల ముందు ఫిత్రా ఇవ్వడాన్ని పండితులు అనుమతించారు. కూలికి పోయే వారి సంగతీ అంతే. రేపు పని మానాలో వద్దో తెలియక ఒక రోజు, పండుగకు ఒక రోజు, రెండు రోజుల కూలి పోతుంది.

మనం చేయదగినవి

కనుక సంఘం వారి ముందు నాలుగు సూచనలు ఉంచుతున్నాను.

మొదటిది: నెలవంక చూడడానికి మన ఊరికి ఉన్నంత మంచి చోటు చాలా ఊళ్లకు లేదు. గోదావరి మనకు పడమట ఉంది. కాటన్ దొర 1847లో మొదలుపెట్టి 1852 నాటికి పూర్తి చేయించిన ఆనకట్ట ఉన్న చోట, ఇప్పటి బ్యారేజి వైపు గట్టున నిలబడితే, ఎదురుగా గోదావరి నీళ్లే. 29వ తేదీ సాయంత్రం అయిదారుగురు బాధ్యత గల పెద్దలు, చూపు బాగున్న ఇద్దరు ముగ్గురు కుర్రవాళ్లు అక్కడ నిలబడాలి. సూర్యుడు పూర్తిగా అస్తమించాకనే బైనాక్యులరు ఎత్తాలి, లేకపోతే కళ్లు పోతాయి. కనబడితే ఏ వేళకు, సూర్యుడు దిగిన చోటుకు ఏ పక్కన, కొమ్ములు ఎటు తిరిగి ఉన్నాయో ఒక రిజిస్టరులో రాసి సంతకాలు చెయ్యాలి. కనబడకపోయినా "ఆకాశం నిర్మలం, కనబడలేదు" అనో, "మబ్బు" అనో రాయాలి. పదేళ్ల రిజిస్టరు ఉంటే మన మనవలకు అదొక పాఠ్యపుస్తకం.

రెండవది: ఆ రాత్రి ఒకే మాట. మన సాక్ష్యాన్ని ఇమాముగారికి, ఖాజీగారికి అందజేసి, కమిటీ నిర్ణయం వచ్చేదాకా ఎవరూ ఫోనుల్లో పండుగ ప్రకటించకూడదు. నిర్ణయం వచ్చాక మనకు నచ్చినా నచ్చకపోయినా ఊరంతా ఒకే ఈద్గాలో నిలబడాలి.

మూడవది: సంవత్సరాదిన ప్రభుత్వ జాబితా రాగానే, మన ఊరి పాఠశాలల ప్రధానోపాధ్యాయులకు, ఆఫీసుల వారికి, యజమానులకు ఒక కాగితం అందజేద్దాం. "ఫలానా పండుగ ఈ తేదీ గానీ, దీని మరునాడు గానీ" అని రెండు తేదీలూ రాసి, ఆ రెండు రోజుల్లోనూ పరీక్షలు పెట్టవద్దని మర్యాదగా అడుగుదాం. అదే కాగితంలో ఆ వారంలో వచ్చే హిందూ, క్రైస్తవ పండుగలు కూడా రాద్దాం. బక్రీదుకు, మొహర్రంకు ఈ ఇబ్బంది తక్కువ. బక్రీదు నెల పదవ రోజు కనుక నెలవంక కనబడ్డాక చేతిలో తొమ్మిది రోజులుంటాయి. ఆ సంగతీ రాస్తే వారికి తేలిక.

నాల్గవది: ఫిత్రా వసూలు 20వ రోజాకు మొదలుపెట్టి, 27వ రోజాకు పంపిణీ పూర్తి చేద్దాం. చంద్రుడు ఎప్పుడు కనబడ్డా పేదవాడి ఇంట్లో పాలూ సేమియా ముందే ఉండాలి. ఈ ఒక్క పని చేసినా ఇవాళ్టి నా ప్రసంగం సార్థకం.

ఇక పక్కింటాయన ప్రశ్నకు జవాబు చెప్పి ముగిస్తాను. ఈసారి ఆయన "మీ పండగ ఎప్పుడో మీకే తెలీదేంటండీ" అంటే ఇలా చెప్పండి: "తెలుసండీ. ఇవాళ సాయంత్రం గోదావరి గట్టు మీద తెలుస్తుంది. మీ ఉగాది పాడ్యమి చంద్రుడే మా చంద్రుడు. మీరు పొద్దుటి లెక్కన పట్టుకుంటారు, మేం సాయంత్రం కంటితో పట్టుకుంటాం. రండి, కలిసి చూద్దాం" అని. ఆయన తప్పకుండా వస్తాడు. ఆయన కళ్లే మనకంటే ముందు చూసినా చూడవచ్చు.